పూజలో చదవని సగం

పదేళ్ళు దాటింది. ఒక ఆదివారం పొద్దున మా మామయ్య కృష్ణరాజపురం నుంచి రెండు బస్సులు మారి మా ఇంటికి వచ్చాడు. ముందుగా ఫోను చేయలేదు. కాఫీ తాగాడు, పిల్లల చదువులు అడిగాడు, మా ఆవిడ వంటింట్లోకి వెళ్ళేదాకా ఆగాడు. తర్వాత లేచి వీధి తలుపు దగ్గరగా వేసి వచ్చి, "నీతో ఒక మాట చెప్పల్లరా. ఇంట్లో యెవురికీ తెలీకూడదు" అన్నాడు.

మా మామయ్య గొంతు తగ్గించి మాట్లాడే మనిషి కాదు. ముప్పై ఏళ్ళకు పైగా కోలారు బంగారు గనుల దగ్గర మిల్లు చప్పుడులో పనిచేసినవాడు. ఇంట్లో కూడా చెరువుకు అవతలి గట్టున ఉన్నవాణ్ణి పిలిచినట్టే మాట్లాడతాడు. అలాంటి మనిషి గుసగుసలాడుతుంటే ఎవరికో ఒంట్లో బాగాలేదు కాబోలు అనుకున్నాను.

సంగతి అది కాదు. ముళబాగిలు అవతల ఏదో పల్లెలో ఒక ముసలాయన దగ్గర ఒక రాగి చెంబు ఉందట. తాతల కాలం నాడు దాని మీద పిడుగు పడిందట. పిడుగు పడ్డ రాగిలో ఇరిడియం పుడుతుందట. చెంబు దగ్గర బియ్యం పోస్తే గింజలు వాటంతట అవే వెళ్ళి చెంబుకు అతుక్కుంటాయట. తెలిసినవాళ్ళు దాన్ని రైస్ పుల్లర్ అంటారు. అమెరికా వాళ్ళు రాకెట్లలో వాడుకోవడానికి వందల కోట్లిచ్చి కొంటారు. అయితే ముందు ఒక శాస్త్రవేత్త వచ్చి పరీక్ష చేయాలి. దాని 'పవర్' ఎంతటిదంటే మామూలు బట్టలతో దగ్గరికి పోయినవాడు బతకడు కాబట్టి, ఆ శాస్త్రవేత్తకు ప్రత్యేకమైన తొడుగులు తెప్పించాలి. వాటికి డబ్బు పోగు చేస్తున్నారు. ఇంకా రెండు లక్షలు తక్కువ పడ్డాయి.

నేను చదువుకున్నవాడు చేసే పనే చేశాను. ఇరిడియం ప్లాటినం జాతికి చెందిన లోహమనీ, పిడుగు పడితే రాగి ఇరిడియం కాదనీ, అసలు ఇరిడియానికి బియ్యాన్ని లాగే గుణమే లేదనీ చెప్పాను. గింజలకు సన్నటి ఇనుప రజను పట్టించి, చెంబులో అయస్కాంతం దాచి పెడతారని చెప్పాను. ఈ చెంబుల పిచ్చిలో ఎన్ని గుడి శిఖరాల మీద కలశాలు మాయమయ్యాయో చెప్పాను. మామయ్య అంతా విన్నాడు. అడ్డు రాలేదు. చివరికి తువ్వాలు భుజం మీద సర్దుకుంటూ, "అబద్ధమంటావు. సరే. ఒకవేళ నిజమే అయితే? అప్పుడిచ్చి ఉందువా?" అన్నాడు.

నాకు జవాబు రాలేదు. రాకపోవడం నాకే వింతగా అనిపించింది. ఆయన భోజనం చేసి సాయంత్రం బస్సుకు వెళ్ళిపోయాడు. ఆ ప్రశ్న మాత్రం మా ఇంట్లోనే ఉండిపోయింది.

ఈ చెంబుల గురించి పేపర్లలో తరచూ వార్తలొస్తూనే ఉంటాయి. 2018లో ఢిల్లీ పోలీసులు ఒక తండ్రినీ కొడుకునూ పట్టుకున్నారు. వాళ్ళు వెండి రంగు తొడుగులు వేసుకుని శాస్త్రవేత్తల్లా నటించి ఒక వ్యాపారి దగ్గర కోటికి పైగా గుంజారు. ప్రతి వార్త చివరా ఒకటే మాట ఉంటుంది, ఇవి మోసాలు, నమ్మవద్దు అని. మంచి మాటే. కాని ఆ మాటలో నీతి ఎక్కడుంది? అది లెక్కకు సంబంధించిన హెచ్చరిక. సరుకు నకిలీది గనుక కొనవద్దు అంటున్నారు. సరుకు అసలుదైతే కొనవచ్చునన్నమాటే కదా. రెండు లక్షలు ఇవ్వనన్న రోజు నేను నీతిపరుణ్ణి అనుకున్నాను. నిజానికి నేను మోసపోని మనిషిని మాత్రమే. ఈ రెంటికీ తేడా ఉందని మా మామయ్య ఒక్క మాటతో పట్టుకున్నాడు. ఆయన చదివింది ఆరో తరగతి.

అందుకే ఇలాంటి ప్రశ్నకు శాస్త్రం కంటే కథలు ఎక్కువ పనికొస్తాయని నాకనిపిస్తుంది. కథ చెప్పేవాడు వస్తువు అబద్ధమని తప్పించుకోడు. పరుసవేది ఉంది, ఇనుము తగిలితే బంగారమవుతుంది, ఇప్పుడు చెప్పు, ఏం చేస్తావు అని అడుగుతాడు. లోకంలో లేని వస్తువును ఉన్నదిగా ఒప్పుకుంటే తప్ప మన మనసులో ఉన్నది బయటికి రాదు.

మన కథల్లో ఇలాంటి వస్తువులు తక్కువేం కాదు. వేమన పేరు చుట్టూ అల్లుకున్నవే చాలా ఉన్నాయి. మన ఊళ్ళో కోరమంగలలో రోజూ వేలమంది ఆయన పేరున్న రోడ్డు మీద పోతుంటారు గాని, విశ్వదాభిరామ అన్న మకుటానికి జనం చెప్పుకునే కథ వాళ్ళలో ఎందరికి తెలుసో. అభిరాముడనే కంసాలి ఒక యోగికి ఎన్నాళ్ళో సేవ చేశాడట. తీరా ఉపదేశం దొరికే రోజున వేమన అతన్ని ఏదో వంకతో ఆపించి, అతని బదులు తానే వెళ్ళి ఉపదేశం అందుకున్నాడట. తర్వాత సిగ్గుపడి కాళ్ళ మీద పడ్డాడట, ఆ పేరును తన పద్యాలన్నిటా నిలిపాడట. పండితులు దీన్ని చరిత్రగా లెక్కపెట్టరు. 1947లో కె.వి.రెడ్డిగారు తీసిన యోగి వేమన సినిమాలో నాగయ్యగారు బంగారం చేసే వెర్రిలో పడితే, అన్న కూతురు జ్యోతి చావు ఆయన్ని మార్చేస్తుంది. ఏ రూపంలో చూసినా ఆ వస్తువు తిన్నని దారిన రాదు. ఒకడి వంతు తీసుకుంటే వస్తుంది, లేదా ఇంటి దగ్గర ఎదురుచూసే బిడ్డను మరిచిపోతే వస్తుంది.

కాని మామయ్య ప్రశ్నకు సరిగ్గా తగిన కథ ఇది కాదు. ప్రతి ఏడూ మన చెవిన పడేదే, వినాయక చవితి నాటి శ్యమంతకమణి కథ.

ఆ కథ పాఠకులకు కొత్త కాదు. పాలలో చంద్రుణ్ణి చూసిన పాపానికి కృష్ణుడంతటివాడికి నీలాపనింద వచ్చింది. సత్రాజిత్తుకు సూర్యుడిచ్చిన మణి రోజుకు ఎనిమిది బారువుల బంగారం ఇస్తుంది. అది రాజు దగ్గర ఉంటే మంచిదని కృష్ణుడు అడిగితే సత్రాజిత్తు ఇవ్వడు. తమ్ముడు ప్రసేనుడు దాన్ని మెళ్ళో వేసుకుని వేటకు పోతే సింహం చంపుతుంది. సింహాన్ని జాంబవంతుడు చంపి, మణిని ఉయ్యాల్లో బిడ్డకు ఆటవస్తువుగా ఇస్తాడు. ఊరంతా కృష్ణుడే చంపాడని గుసగుసలాడుతుంది. ఆయన అడవిలో జాడ తీసి, గుహలో ఇరవైఎనిమిది రోజులు పోరాడి, మణినీ జాంబవతినీ తీసుకుని వస్తాడు. మణిని నిండు సభలో సత్రాజిత్తు చేతికిస్తాడు. సత్రాజిత్తు సిగ్గుపడి సత్యభామనిచ్చి పెళ్ళి చేస్తాడు. అక్షతలు తల మీద వేసుకుంటాం, ఉండ్రాళ్ళు తింటాం. కథ అయిపోయింది.

కథ అయిపోలేదు. భాగవతం దశమస్కంధంలో ఇంకా సగం ఉంది. పూజలో చదవం గనుక చాలామందికి తెలియదు. నేను కూడా నడివయసు దాటాకే చదివాను.

పాండవులు లక్క ఇంట్లో కాలిపోయారన్న కబురు విని కృష్ణుడూ బలరాముడూ హస్తినాపురం వెళతారు. ఇక్కడ ద్వారకలో అక్రూరుడూ కృతవర్మా కలిసి శతధన్వుణ్ణి ఎగదోస్తారు. సత్యభామను మనకిస్తానని ఇవ్వలేదు, ఆ మణి అయినా మనకెందుకు దక్కకూడదు అంటారు. శతధన్వుడు నిద్రపోతున్న సత్రాజిత్తును చంపి మణి తీసుకుంటాడు. కృష్ణుడు తిరిగి వస్తున్నాడని తెలియగానే, ఎగదోసిన ఇద్దరూ మాకేం సంబంధం అని చేతులు దులిపేసుకుంటారు. శతధన్వుడు మణిని అక్రూరుడి దగ్గర పడేసి గుర్రమెక్కి పారిపోతాడు. కృష్ణుడు వెంటాడి మిథిల దగ్గర చంపి బట్టలన్నీ వెదికితే మణి ఉండదు. లేదని చెబితే సొంత అన్నకే పూర్తిగా నమ్మకం కలగదు. బలరాముడు మిథిలలోనే ఉండిపోతాడు. అక్రూరుడు భయపడి ద్వారక వదిలి పోతాడు. దొంగసొత్తు దగ్గర పెట్టుకుని, దాని బంగారంతో యజ్ఞాల మీద యజ్ఞాలు చేస్తుంటాడు.

ఈ అక్రూరుడెవరో గుర్తు చేసుకోండి. రేపల్లె నుంచి కృష్ణుణ్ణి రథం మీద మథురకు తీసుకుపోయినవాడు. దారి పొడుగునా దేవుణ్ణి చూడబోతున్నానని పొంగిపోయినవాడు. భక్తుల్ని ఎంచేటప్పుడు మొదటి వరసలో వచ్చే పేరు. అటువంటివాడిచేత ఈ పని చేయించింది ఎనిమిది బారువుల రాయి. ఇదే రాయి జాంబవంతుడి గుహలో ఉన్నన్నాళ్ళూ ఎవరికీ ఏ హానీ చేయలేదు. అక్కడ దాని ధర పసిబిడ్డ నవ్వు. బంగారానికి విలువ లేని చోట ఆ వస్తువుకు విషం లేదు.

ఇప్పుడు కృష్ణుడేం చేశాడో చూడండి. అక్రూరుణ్ణి పిలిపిస్తాడు. మణి నీ దగ్గరే ఉందని మాకు ఎప్పటి నుంచో తెలుసు, అది నువ్వే ఉంచుకో, కాని మా అన్న నన్ను నమ్మడం లేదు, బంధువులందరి ముందూ ఒక్కసారి చూపించు అంటాడు. అక్రూరుడు బట్టలో దాచిన మణిని తీసి చూపిస్తాడు. కృష్ణుడు దాన్ని అందరికీ చూపించి మళ్ళీ అతనికే ఇచ్చేస్తాడు. విష్ణుపురాణంలో ఈ సభ ఇంకా రసవత్తరంగా ఉంటుంది. మణిని చూడగానే బలరాముడికీ ఆశ పుడుతుంది, సత్యభామకూ మా నాన్నది కదా అని ఆశ పుడుతుంది. కృష్ణుడు, ఇది ధరించాలంటే నియమంగా ఉండాలి, పదహారువేల మంది భార్యలున్న నాకు అది చేతకాదు, అన్నగారు మద్యం మానాలి, అది ఆయనకు చేతకాదు, కాబట్టి అక్రూరుడే ఉంచుకోవాలి అని తేలుస్తాడు. అప్పటి నుంచి అక్రూరుడు దాన్ని అందరికీ కనబడేలా మెళ్ళో వేసుకుని తిరిగాడని ఉంది.

హత్యకు పురికొల్పినవాడికి శిక్ష ఏదీ అంటే ఆ కథలో లేదు. అది నాకు ఇప్పటికీ మింగుడు పడదు. ఆ సంగతి పక్కన పెడితే, కృష్ణుడు చేసిన పని నన్ను చాలా రోజులు ఆలోచింపజేసింది. మణిని సముద్రంలో పారేయలేదు. పగలగొట్టలేదు. తాను ఉంచుకోలేదు. నలుగురికీ పంచలేదు కూడా. ఆయన తీసేసింది ఒక్కటే, దాని గుట్టు. మణి అదే, దాన్ని దాచుకున్న మనిషీ అతనే. బట్టలో ఉన్నన్నాళ్ళూ అన్నదమ్ములు విడిపోయారు. మెళ్ళోకి వచ్చాక ఊరు ఊపిరి పీల్చుకుంది.

అప్పుడు మా మామయ్య మొదటి మాట జ్ఞాపకం వచ్చింది. "ఇంట్లో యెవురికీ తెలీకూడదు."

గుట్టంతా చెడ్డదని నేననను. మా అత్తగారు ఆవకాయ కొలతలు కోడళ్ళకు కూడా చెప్పేది కాదు. కాని ఆ కొలతలు రేపు బెంగళూరంతా తెలిసిపోయినా మా ఆవకాయ రుచి ఆవగింజంత తగ్గదు. పరుసవేది సంగతి వేరు. అది ఇంటింటికీ ఒకటి ఉంటే బంగారం ఇనుము ధరకు దొరుకుతుంది, అప్పుడు ఇనుమును బంగారం చేసే ఓపిక ఎవరికుంటుంది? అంటే పరుసవేది విలువ పరుసవేదిలో లేదు, పక్కింటివాడి దగ్గర అది లేకపోవడంలో ఉంది. దాన్ని సంపాదించుకున్నవాడు ఆ క్షణం నుంచి పక్కింటివాడికి కాపలాదారు అవుతాడు. వాడికి తెలియకుండా చూడటమే వీడి బతుకు. దురాశ తర్వాత పుట్టుకొచ్చే గుణమని మనం అనుకుంటాం గాని, ఈ వస్తువుల్లో అది ముందే కలిసి ఉంటుంది.

ఆయుష్షు సంగతీ ఇంతే. కథాసరిత్సాగరంలో చిరాయువనే రాజు, అతని మంత్రి నాగార్జునుడు. బిడ్డ పోయిన దుఃఖంలో నాగార్జునుడు మనుషులందరికీ చావు లేకుండా అమృతం చేయబోతే, ఇంద్రుడు అశ్వినీదేవతలను పంపి మాన్పిస్తాడు. కాని రాజుకు మాత్రం రసాయనం అప్పటికే ఇచ్చేశాడు. రాజు వందల ఏళ్ళు బతుకుతాడు. యువరాజులు ఒకరి తర్వాత ఒకరు ముసలివాళ్ళై చచ్చిపోతుంటారు. చివరికి ఒక రాణి తన కొడుకుతో, భోజనవేళ అడిగినవాడికి నాగార్జునుడు లేదనడు, వెళ్ళి అతని తల అడుగు అంటుంది. అడుగుతాడు. ఇస్తాడు. కత్తి దిగకపోతే దిగే ఉపాయం కూడా తానే చేసి ఇస్తాడు. 7వ శతాబ్దంలో మన దేశం తిరిగిన చైనా యాత్రికుడు హుయాన్ త్సాంగ్ కూడా ఇలాంటి కథే రాసుకున్నాడు. దాన్ని అందరూ త్యాగం కథగా చెబుతారు. నాకు మాత్రం ఆ చచ్చిపోయిన యువరాజులే కళ్ళ ముందు కదులుతారు. రాజు తాగిన మందుకు ధర చెల్లించింది వాళ్ళు. మందు తాగుతున్నప్పుడు ఆ సంగతి రాజుకు తెలుసో లేదో కథలో లేదు.

ఇంతవరకూ రాసి, ఇదే నా జవాబు, నిజమైనా ఇవ్వను అని మామయ్యకు చెప్పేయవచ్చు. కాని అది సగం జవాబే. ఎందుకంటే మా మామయ్య వట్టి చెంబు కథలు విన్న మనిషి కాదు. లోకంలో నిజంగా ఉన్న మాయ పదార్థంతో ఆయన జన్మంతా పనిచేశాడు.

పదార్థం పేరు సైనైడు. చిటికెడు చాలు మనిషిని చంపడానికి. 1887లో గ్లాస్గోలో మెకార్థర్ అనే ఆయన, ఫారెస్ట్ సోదరులనే ఇద్దరు డాక్టర్లు కలిసి దాని ఇంకో గుణాన్ని పట్టుకున్నారు. బంగారం నీళ్ళలో కరగదు, మామూలు ఆమ్లాల్లో కరగదు. కాని రాయిని పిండి చేసి, సున్నం వేసి, పలచటి సైనైడు నీళ్ళలో గాలి తగిలేలా నానబెడితే, అందులోని కంటికి కనబడని బంగారం చక్కెరలా కరిగి నీళ్ళలోకి వచ్చేస్తుంది. ఆ నీళ్ళలో జింకు పొడి వేస్తే మళ్ళీ బంగారంగా విడిపోతుంది. వెయ్యేళ్ళు పాదరసంతో, గంధకంతో కుస్తీ పట్టిన మన రసవాదులు దీన్ని చూసి ఉంటే ఏమనేవాళ్ళో. "బంగారాన్ని నీళ్ళు జేసేది, నీళ్ళని మళ్ళీ బంగారం జేసేది, అదేరా మా పని" అని మామయ్య చిన్నప్పుడు మాకు చెబితే, మేము ఆయన్ని మాంత్రికుడే అనుకునేవాళ్ళం.

1880 దశకం నుంచి 2001 ఫిబ్రవరి 28న గనులు మూతపడే దాకా ఆ నేల నుంచి 800 టన్నులకు పైగా బంగారం వచ్చింది. చాంపియన్ రీఫ్ గని మూడు కిలోమీటర్లకు పైగా లోతుకు దిగింది. చివరి రోజుల్లో టన్ను రాయి పిండి చేస్తే మూడు నాలుగు గ్రాములు దొరికితే గొప్ప. జాన్ టేలర్ కంపెనీ నడిపిన కాలంలో బంగారం లండన్‌కు పోయింది, మైసూరు రాజ్యానికి రాయల్టీ వచ్చింది. 1956లో మైసూరు ప్రభుత్వం గనులు తీసుకుంది, తర్వాత కేంద్రం తీసుకుంది. ఇక పిండి చేసిన రాయి ఎక్కడికీ పోలేదు. 3 కోట్ల టన్నులకు పైగా బూడిదరంగు దిబ్బలై అక్కడే ఉంది. మా వాళ్ళు వాటిని సైనైడు దిబ్బలనే అంటారు. గాలి లేచిందంటే ఆ పొడి పెరట్లో ఆరేసిన బట్టల మీదికి, మూతలేని అన్నం గిన్నెలోకి వస్తుంది. అక్కడి జనం దాని గురించి ఎన్నో ఏళ్ళుగా మొరపెట్టుకుంటూనే ఉన్నారు. సినిమావాళ్ళకు మాత్రం ఆ దిబ్బలు బాగా నచ్చాయి.

రాగి చెంబు మనుషులు తమ వస్తువు దగ్గరికి వస్తే చస్తారని డప్పు కొట్టి చెప్పారు. ఆ భయంతోనే ఎవరూ దగ్గరికి వచ్చి చూడకుండా కంచె కట్టారు. నిజంగా ప్రమాదమున్న వస్తువుకు అంత ఆర్భాటం ఎక్కడా లేదు. అది ఉతికిన చీర మీద సన్నటి పొడిగా వచ్చి కూర్చుంది.

ఇందులో నాకూ భాగముంది. 1902లో శివనసముద్రం దగ్గర కావేరి నీటితో పుట్టిన కరెంటు ముందుగా పరుగెత్తింది కోలారు గనులకే. 1905లో గాని బెంగళూరు వీధుల్లో విద్యుద్దీపాలు వెలగలేదు. మన ఊరి మొదటి వెలుతురు ఆ బంగారం కోసం పుట్టిన వెలుతురులో మిగులు. గనులు మూతపడ్డాక ఆ ఊరి పిల్లలు వేలమంది తెల్లవారకముందే మారికుప్పం రైలెక్కి ఇక్కడికి పనికి వస్తున్నారు, రాత్రికి తిరిగి పోతున్నారు. ఆ రైల్లో తెలుగూ తమిళమూ కన్నడమూ కలిసిపోయి వినిపిస్తాయి. ఈ ఊళ్ళో ఫ్యాను కింద కూర్చుని నేను పరుసవేది గురించి నీతులు రాస్తున్నాను. దిబ్బ పక్కన కాపురం చేసినవాడు, ముప్పై ఏళ్ళు ఎవరి బంగారమో చేతుల మీదుగా సాగనంపినవాడు, ఒక్కసారి, ఒక్కటంటే ఒక్కసారి గుట్టుకు లోపలివైపు నిలబడాలనుకుంటే, తప్పని చెప్పే అర్హత నాకు ఏపాటి ఉందని అనుమానం వస్తుంది. మా మామయ్య వేలి ఉంగరం అవెన్యూ రోడ్డులో అప్పు చేసి కొన్నది.

అయినా తప్పే అనుకుంటాను. బాధతో అనుకుంటాను. బయట నిలబడ్డవాడి బాధ తెలిసినవాడే రేపు ఇంకొకర్ని బయట నిలబెట్టబోతున్నాడు గనుక. కాని ఈ మాట ఆయనకు చెప్పే ముందు నేను ఆయన్ని అడగవలసిన మాట ఒకటుండింది, అది అడగలేదు. ఇరిడియం గురించి అరగంట చెప్పానే గాని, "మామా, నువ్వు ఇప్పటికే ఏమైనా ఇచ్చినావా?" అని అడగలేదు.

ఇచ్చాడు. మా ఇంటికి రావడానికి నెల ముందే మూడు లక్షలు ఇచ్చేశాడు. గనులు మూతపడ్డప్పుడు చేతికొచ్చిన డబ్బులో మిగిలింది అదే. ఆ రెండు లక్షలు కూడా కడితే గాని శాస్త్రవేత్త రాడని వాళ్ళు చెబితే నా దగ్గరికి వచ్చాడు. ఈ సంగతి ఆరు నెలల తర్వాత మా అత్తయ్య చెప్పింది. అప్పటికి ఆ మనుషుల ఫోన్లు పలకడం లేదు. ఆమెకు కూడా బ్యాంకు పుస్తకం చూస్తేనే తెలిసింది. "పోతే పాయె దుడ్లు, నాతో మాట మాత్రం చెప్పలేదు చూడు" అని ఏడ్చింది. నలభై ఏళ్ళ కాపురంలో మొదటిసారి ఆయన ఆమె దగ్గర దాచిన వస్తువు, లేని చెంబు. వాళ్ళిద్దరి మధ్యా ఆ నెలల్లో పడ్డ మౌనం మాత్రం ఉన్నదే. బియ్యపు గింజలు కదిలాయో లేదో గాని, ఆ చెంబు ఒక ఇంట్లో మనుషుల్ని దూరంగా లాగేసింది. పోలీసుల దగ్గరికి పోదామంటే మామయ్య ఒప్పుకోలేదు. నలుగురిలో చెప్పుకోవాలంటే సిగ్గు. మోసగాళ్ళు అడిగిన గుట్టును, వాళ్ళు పోయాక కూడా ఈయనే కాపాడుతూ వచ్చాడు.

ఆ ఏడు వినాయక చవితికి ఇద్దర్నీ మా ఇంటికి పిలిచాను. పూజ అయ్యాక కథ చదివి, అక్షతలు వేసుకునే ముందు ఆగి, ఇంకా సగం ఉంది వినండి అని శతధన్వుడి సంగతీ అక్రూరుడి సంగతీ చెప్పాను. మామయ్యకు ఎక్కడైనా గుచ్చుకుంటుందేమోనని భయపడుతూనే చెప్పాను. అక్రూరుడు సభలో బట్ట విప్పి మణి చూపించిన చోట అత్తయ్య ఆయన వైపు ఒకసారి చూసి, తల తిప్పుకుని దీపంలో నూనె పోసింది.

మామయ్య చాలాసేపు మాట్లాడలేదు. అక్షతలు చేతిలోనే పట్టుకుని కూర్చున్నాడు. తర్వాత ఎప్పటిలా గట్టి గొంతుతో, పక్కింటికి కూడా వినబడేట్టు అడిగాడు:

"సరేరా, ఆ ఎలుగుబంటి బిడ్డ ఉండాది చూడు, ఉయ్యాల్లో. దాని ఆటబొమ్మ పెరుక్కోని వచ్చేసిరి గదా. దానికి మళ్ళీ ఏమన్నా ఇచ్చినారా, లేదా?"

పుస్తకం మళ్ళీ తిరగేశాను. దాని గురించి ఏమీ లేదు.